అక్క గది, చెల్లెలి పేరు

మేడ మీది ప్రదర్శనశాలలో గోడంత అక్షరాల్లో చెల్లెలి పేరు చూడగానే అక్క భగ్గుమంది. పేరు కింద ‘మంచం గది’ అనీ, దాని కింద ‘బందీతనం, స్వేచ్ఛ: ఒక అనుభవం’ అనీ రాసి ఉంది. అనుభవమట! ఎవరి అనుభవం? ఏడేళ్లు ఆ గదిలో మంచం పట్టిన అమ్మ ఒళ్లు తుడిచి, దుప్పట్లు మార్చి, మంచం పక్కనే కుట్టుమిషను వేసుకుని ఇరుగుపొరుగు ఇళ్ల పరదాలకు అంచులు కుట్టింది ఎవరు? చెల్లెలు ఆదివారం చుట్టపుచూపుగా వచ్చేది, సోమవారం పొద్దున్నే సంచీ భుజాన వేసుకుని చక్కా పోయేది. అమ్మ పోయి ఏడాదైనా కాలేదు, ఆ గదిని తెచ్చి ఇక్కడ గోడలకెక్కించింది. పేపర్లలో ఫొటోలు కూడానూ.

అందుకే ఇవాళ అక్క మిషను మూసి, ఇంటికి తాళం వేసి, బస్సెక్కి మరీ వచ్చింది. ఆ గోడ మీద తన పేరు పడాలి. పడకపోతే చెల్లెలితో ఇక మాటల్లేవు, రాకపోకల్లేవు. దారి పొడుగునా ఇదే మనసులో నూరుకుంటూ వచ్చింది.

చెల్లెలు గుమ్మంలోనే ఎదురైంది.

“వస్తానని చెప్పలేదేం అక్కా? ముందు లోపలికెళ్లి చూడు. తర్వాత తిడుదువుగాని.”

“ఏముంది చూడ్డానికి?”

“గోడల మీద గది కనిపిస్తుంది. పైనున్న కెమెరా నీ నడకను కనిపెడుతుంది. తలుపు వైపు నడిస్తే గంట మోగుతుంది. గంటకి వెనక్కి తిరిగావంటే తలుపు ఇంకా దూరం జరుగుతుంది. తిరక్కుండా నడిస్తే తెరుచుకుంటుంది. అంతే. అందరూ రెండు మూడు నిమిషాల్లో వచ్చేస్తున్నారు.”

రెండు మూడు నిమిషాలు! అక్క మూతి తిప్పుకుని పరదా తొలగించుకుని లోపలికెళ్లింది.

చీకట్లో ప్రొజెక్టర్ వెలుగు పడి మంచం, కిటికీ, గోడ మీది చెమ్మ మరక ఉన్నవి ఉన్నట్టు వచ్చాయి. ఎంత బాగా దించిందో దొంగమొహంది అనుకుంది. మెచ్చుకోవాలనిపించినందుకు ఒళ్లు ఇంకా మండింది. ఆ మంటలోనే తలుపు వైపు నాలుగడుగులు వేసింది.

గంట మోగింది. రెండుసార్లు.

అది ఎక్కడో కొన్న చప్పుడు కాదు. మంచం కమ్మీకి అక్క తన చేత్తో బిగించిన సైకిల్ గంట, దాని మీద అమ్మ వేలు. ఒకసారి మోగితే మంచినీళ్లు. రెండుసార్లయితే పక్కకు తిప్పాలి. ఆగకుండా మోగితే అమ్మకు భయం వేసినట్టు. చెల్లెలు ఎప్పుడో ఫోన్‌లో పట్టి దాచుకుని ఉంటుంది. ఇదంతా అక్కకు తెలుసు, కాళ్లకే తెలియలేదు. గబగబా వెనక్కి వెళ్లి, వంగి, ఒక చెయ్యి భుజం కిందా ఒక చెయ్యి నడుం కిందా పెట్టబోయింది. చేతుల మీద వెలుగు పడింది, అంతే. తలెత్తి చూసేసరికి తలుపు దూరం జరిగింది.

మళ్లీ నడిచింది. గంట ఒకసారి మోగింది. గ్లాసు కోసం చెయ్యి చాచింది. మళ్లీ నడిచింది. గంట రెండుసార్లు మోగింది. అరగంట గడిచినా అదే వరస. జనం రెండు నిమిషాల్లో దాటిపోతున్న తలుపు తనకు మాత్రం అందడంలేదు.

ఇంతలో బయట చప్పట్లు వినిపించాయి. లోపల జరిగేదంతా వాళ్లకు పెద్ద తెర మీద కనిపిస్తోంది.

“ఎంత సహజంగా చేస్తోందండీ ఆవిడ. ఎక్కణ్నుంచి పిలిపించారు?” అని పరదా అవతల ఎవరో పెద్దమనిషి అడిగాడు.

అక్కకు తల కొట్టేసినట్టయింది. ఏడేళ్ల చాకిరీ కూడా చివరికి చెల్లెలి గొప్పే అయి కూర్చుంది.

చెల్లెలు తెర ఆపేసి, అందరినీ పంపేసి, లోపలికి పరిగెత్తుకొచ్చింది.

“చాల్లే అక్కా, వచ్చెయ్. ఇది నీ గదే. నీ పేరు పెద్దక్షరాల్లో వేయిస్తాను. నాది తీసెయ్యమంటే తీసేస్తాను.”

వచ్చిన పని అయిపోయింది. అయినా అక్కకు సంతోషం రాలేదు.

“ఒక్కటి చెప్పు. సోమవారం నువ్వు మెట్లు దిగుతుంటే అమ్మ గంట కొట్టేది. నీకు వినపడేదా?”

చెల్లెలు దాచకుండా చెప్పేసింది.

“ప్రతిసారీ వినపడేది. ఆగితే ఇంక వెళ్లలేనని తల తిప్పకుండా దిగేదాన్ని.”

వినపడేది కాదని అంటుందనుకుంది అక్క. అలా అబద్ధం ఆడినా బాగుండేది.

“నా ఏడుపు నీ పేరు చూసి కాదే. నువ్వు దిగడం చూసి. వారం వారం కిటికీలోంచి చూసి కుళ్లి చచ్చేదాన్ని. ఒక్కసారైనా అలా దిగాలని ఉండేది. అమ్మ ఉండగానే.”

చెల్లెలు ఏడ్చింది. అక్క ఏడవలేదు.

“మొదట్నుంచి పెట్టు. నువ్వు బయటికి పో.”

ఈసారి గంట ఆగకుండా మోగింది. అక్క వెనక్కి తిరగలేదు. “ఉండమ్మా,” అంది పైకే. ఏడేళ్లలో ఎన్నడూ అనని మాట అది. గంట మోగుతూనే ఉంది, ఆమె నడుస్తూనే ఉంది. తలుపు తెరుచుకుంది.

అవతల చెల్లెలు చేతులు చాచి నిలబడి ఉంది. అక్క ఆమె పక్కనుంచి మెట్ల వైపు వెళ్లి, తల తిప్పకుండా దిగడం మొదలుపెట్టింది. పైనుంచి చెల్లెలు “అక్కా, అక్కా” అని పిలుస్తోంది. ప్రతి పిలుపూ అక్కకు వినపడుతూనే ఉంది.