బయమ్మ అల్లుడి పెన్‌డ్రైవ్

పామిడిలో కలీముల్లా ఫోటో స్టూడియో కంప్యూటర్‌కు దయ్యం పట్టింది. దయ్యం కాక మరేమిటి? పొద్దున తెరిచేసరికి ఈ ఏడాది తీసిన పెళ్ళిఫోటోలన్నిటికీ తాళం పడింది. ఒక్కటీ తెరుచుకోదు. తాళం తియ్యాలంటే డబ్బు కట్టమని తెర మీద ఎవడో బెదిరింపు రాసిపెట్టాడు.

ఆ దయ్యం ఎలా వచ్చిందో స్టూడియోలో పనిచేసే పద్మజకు తెలుసు. తెచ్చింది తనే! పెళ్ళికొడుకూ పెళ్ళికూతురూ కార్టూన్ బొమ్మలై గంతులేసే వాట్సాప్ శుభలేఖలు చెయ్యడంలో ఆమెది అందెవేసిన చెయ్యి. అందుకు మంచి యానిమేషన్ సాఫ్ట్‌వేర్ కావాలంది. "ఈ పెళ్ళిళ్ళు కానీమ్మా, లైసెన్సు కొందాం. అందాకా ఉచితంగా వచ్చేదాంతో నెట్టుకురా" అన్నాడు కలీముల్లా.

ఆగితే కదా! ఉచితంగా వచ్చేది కొత్తగా నేర్చుకోవాలి, అంత ఓపిక ఎవరికుంది? టెలిగ్రామ్‌లో ఎవడో పెట్టిన దొంగ కాపీ దించుకుంది. యాంటీవైరస్ అరుస్తుంది, ఆపేయండి అని వాడే రాశాడు. ఆపేసింది. అప్‌డేట్ చేస్తే దొంగ కాపీ పనిచెయ్యదని అప్‌డేట్లూ ఆపేసింది. బొమ్మలు దాచడానికి చోటు చాలక, బీరువాలో ఉండాల్సిన బ్యాకప్ డిస్క్ తెచ్చి తగిలించి అలాగే వదిలేసింది. దాంతో అందులో దాచిన నకళ్ళకూ తాళం పడింది. "ఈ సాఫ్ట్‌వేర్ యాడిదమ్మా?" అని అప్పట్లో కలీముల్లా అడిగితే "కంపెనీవాళ్ళే ట్రయల్ ఇచ్చినారన్నా" అని చెప్పిన నోరు ఇప్పుడు పెగలడం లేదు.

పాపం, కలీముల్లా తనంతట తానే కారణం వెతుక్కున్నాడు. ముందురోజు అదే ఊళ్ళో ఉండే బయమ్మ కొత్తల్లుడు మారుతి, తన పెళ్ళివీడియోలో వెయ్యమని పాటల పెన్‌డ్రైవ్ ఇచ్చి వెళ్ళాడు. "దాంట్లోనే వచ్చింటాది" అన్నాడు కలీముల్లా. పద్మజ తలూపింది. ఆ తలూపడమే కొంప ముంచింది.

ఎండ మాడ్చేస్తున్నా ఆమెను స్కూటర్ వెనక ఎక్కించుకుని కలీముల్లా ఫోటోలు పోయిన పెళ్ళివాళ్ళ ఇల్లిల్లూ తిరగడం మొదలుపెట్టాడు. మొదటిది రామాంజినమ్మ ఇల్లు.

"మారుతి పెన్‌డ్రైవ్‌లో వచ్చిందక్కా. చూసుకోకుండా పెట్టినా, తప్పు నాదే. మీ ఫోన్లలో ఉండేవి ఇస్తే వాటితోనే ఆల్బమ్ చేసిస్తా" అని చేతులు జోడించాడు.

రామాంజినమ్మ తిట్టలేదు. పైగా మజ్జిగ కలిపి ఇచ్చింది. పద్మజ ఒక్క గుక్క తాగి లోటా పక్కన పెట్టేసింది. తర్వాతి ఇళ్ళలోనూ అవే మాటలు, అదే మర్యాద. ఛీ, ఏం మనిషిని నేను అనుకుంది. అనుకుంటూనే నోరు మూసుకుని మళ్ళీ స్కూటరెక్కింది.

అన్నిళ్ళూ తిరిగి బయమ్మ ఇంటికి వచ్చేసరికి రెండు రోజులు పట్టింది. వీళ్ళు నోరు తెరవకముందే బయమ్మే చేతులు జోడించింది.

"తప్పయిపోయిందప్పా కలీమన్నా! మా అల్లుడు తెలిసి చేసింటాడా? ఊరంతా ఆయప్ప పేరే చెప్పుకుంటాండారు. అంగడికాడ ఎవరో ఎగతాళి చేసినారంట. అలిగి పొద్దున్నే వాళ్ళూరు మడకశిరకు పోయినాడు. మా బిడ్డ సునందను ఈడనే వదిలిపెట్టినాడు. పెళ్ళై నెలన్నా కాలేదే!"

లోపల గోడకానుకుని సునంద కూర్చుని ఉంది. ఏడ్చి ఏడ్చి కళ్ళు వాచిపోయాయి. పద్మజ ఇక తట్టుకోలేకపోయింది.

"మారుతన్న కాదత్తా. నేను" అంది. దొంగ కాపీ, ఆపేసిన యాంటీవైరస్, తగిలించిన డిస్క్, చెప్పిన అబద్ధం, అన్నీ ఏడుస్తూ కక్కేసింది.

కలీముల్లా అరుగు మీద కూలబడ్డాడు. "నాతో ఒక మాట చెప్పింటే ఏమమ్మా?" అన్నాడు. నాలుగు తిట్టినా బాగుండేది.

బయమ్మ మాత్రం ఫోన్ కలిపి పద్మజ చేతిలో పెట్టింది. "నాకు చెప్తే సరిపోదు. ఆయప్పకు చెప్పు."

మారుతి అంతా విన్నాడు. "నీకేమమ్మా, చెవిలో చెప్పి పెట్టేస్తావ్. నన్ను మాత్రం పదిమంది ముందర అన్నారే! నేను ఆ ఊర్లోకి ఏ మొగం పెట్టుకొని వచ్చేది?" అని ఫోన్ పెట్టేశాడు.

కలీముల్లా లేచి స్కూటర్ తీశాడు. "ఎక్కు. మళ్ళా మొదటింటి కాడనుంచి పోదాం. ఈసారి నువ్వు చెప్పు."

రామాంజినమ్మ గుమ్మం ముందు ఆయన బండి దిగలేదు. పద్మజ ఒక్కతే కాళ్ళీడ్చుకుంటూ వెళ్ళింది.

"మళ్ళా వచ్చినారా? ఆ అల్లుడు చేసిన పనికి మీకెన్ని తిప్పలు తల్లీ! దా, మజ్జిగ తాగు" అంటూ రామాంజినమ్మ లోటా చాచింది.

పద్మజ చెయ్యి చాచలేదు.

"ముందు నేను చెప్పేది వినక్కా. విన్నాక కూడా ఇయ్యాలనిపిస్తే, అప్పుడియ్యి."