తవిటయ్యకు శ్రుతి పట్టిన తిత్తి

నేను ఒక తిత్తిని. ఈ కాలం వాళ్లకు పేరు చెబితే తెలియదు కాబట్టి వివరంగానే చెబుతాను. మేక తోలును చీల్చకుండా సంచిలా ఒలిచి, ఒక కాలికి ఊదే గొట్టం, మరో కాలికి పలికే గొట్టం బిగిస్తే, అదే నేను. పలికే గొట్టంలో సన్నని వెదురు నాలుక ఉంటుంది. చంకలో పెట్టుకుని ఊదితే ఒకే ఒక్క స్వరం పలుకుతాను. ఆ మేక బతికుండగానూ ఒకే స్వరం పలికేదట. అప్పుడు అందరూ కసురుకునేవారు. ఇప్పుడు శ్రుతి అంటున్నారు.

నన్ను చేసినవాడు కూర్మన్న. పాలకొండ దగ్గర వీధి భాగవతుల మేళంలో శ్రుతి పట్టేవాడు. తంగేడు చెక్క నీళ్లలో తోలు నానబెట్టి పదును చేశాడు. నాలుక కొసన చిటికెడు తేనెమైనం అద్దాడు. మైనం ఎక్కువైతే నా గొంతు దిగుతుంది, గోకేస్తే పైకి లేస్తుంది. నా జీవితంలోని రాజకీయమంతా ఆ మైనంలోనే ఉంది.

మేళానికి పెద్ద తవిటయ్య, కూర్మన్న భార్య పారమ్మకు అన్న. రాణి వేషం కట్టేవాడు. జడ వేసుకుని తెర వెనక నుంచి పాట ఎత్తుకుంటే మీసాల రైతులు కూడా సిగ్గుపడి తలపాగాలు సర్దుకునేవారు. చప్పట్లు అతనికి. ఎక్కడైనా గొంతు జారితే మాత్రం నా వైపు గుర్రుగా చూసేవాడు.

వయసు పైబడేకొద్దీ ఆ జారడం ఎక్కువైంది. కూర్మన్న ఒక్క మాట అనలేదు. ఆటకు ముందు నన్ను చాటుకు తీసుకెళ్లి, బావ గొంతు ఆ పూట ఎందాకా లేస్తుందో అంచనా వేసి, ఇంకాస్త మైనం అద్దేవాడు. తవిటయ్య దిగినంత మేరా నేనూ దిగాను. తన గొంతు కుర్రతనంలో ఎలా ఉందో ఇప్పుడూ అలాగే ఉందని అతను నమ్మాడు.

అలాగే సాగిపోయేది గానీ, మేళంలోకి కొత్తగా హార్మోనియం వచ్చింది. దానికి మైనమూ లేదు, మొహమాటమూ లేదు. రాజాంలో ఆట మొదలవగానే దానిది ఒక దారి, మాది ఒక దారి అయింది. తవిటయ్య పాట ఆపి జనం ముందే కేకేశాడు.

"ఆపు బావా, ఆ మేకని! నీ తిత్తి నా పరువు తీసీసింది."

కూర్మన్న నోట్లో నా గొట్టం ఉంది. తీసి ఒక్క మాట చెబితే చాలు. తీశాడు, చెప్పలేదు. నన్ను భుజాన వేసుకుని ఇంటికొచ్చేశాడు. మేళానికి మీట నొక్కితే మోగే శ్రుతిపెట్టె వచ్చింది. నేను చేటల పక్కన మేకుకు వేలాడాను. ఎలుకలు నా గురించి ఆలోచించడం మొదలుపెట్టాయి.

నన్ను కిందికి దింపించినవాడు పక్కవూరి ధర్మారావు. పటాలంలో బ్యాగ్‌పైప్ వాయించి, పెన్షన్ మీద దిగి, పెళ్లి ఊరేగింపుల్లో వాయించేవాడు. అతని చంకలోనిది మా జాతిదే గాని విలాయతీ చుట్టం. ఒంటికి గళ్ల గౌను, భుజం మీద మూడు కొమ్ములు. అరిస్తే పెళ్లి గుర్రం బెదిరేది.

"ఇలాటివి ఎక్కడెక్కడో ఉన్నాయి కూర్మన్నా," అన్నాడు ధర్మారావు. "రాజస్థాన్లో మశక్ అంటారు. లెబనాన్లో డ్యూటీ సేసినప్పుడు ఓ గొర్రెల కాపరి జంట గొట్టాలు ఊదీవోడు, బుగ్గలే తిత్తిలాగ పొంగించీసి. ఊపిరీ, నాలుకా. అంతే గదా!"

మా చుట్టాల వెనక సైన్యాలు యుద్ధానికి నడిచాయట. నన్నేమో ఎలుకలకు వదిలేశారు. కూర్మన్న నాకు నూనె రాసి మెత్తబరిచి, ధర్మారావు వెంట ఊరేగింపులకు తీసుకెళ్లాడు. ఆ చుట్టం పక్కన నేను పలుకుతున్నానో లేదో నాకే తెలిసేది కాదు.

ఒక మిట్టమధ్యాహ్నం తవిటయ్య మా ఇంటికొచ్చాడు. కళ్ల కాటుక ఇంకా పోలేదు. ముందురోజు ఆటలో శ్రుతిపెట్టె తన స్వరం నుంచి కదల్లేదు, గొంతు దాన్ని అందుకోలేదు, జనం నవ్వారు. పాట సగంలోనే తెర వెనక్కి వెళ్లిపోయాడట.

"నిజం సెప్పు బావా. ఎన్నాళ్లబట్టి నన్ను మోస్తన్నావు?"

కూర్మన్న గోడకేసి చూశాడు. "మోయడమేటి బావా. కూసింత మైనం."

"మరి ఆ దినం అందరి ముందు నిన్నలాగంటే, ఒక్క మాట అనలేకపోనావా?"

"అనీసినాక నువ్వు మరి పాడతావేటి?"

తవిటయ్య నన్ను తెచ్చి అతని ఒళ్లో పెట్టాడు. "మైనం గోకీ. అసలు శ్రుతి పెట్టు. ఎంత దిగిపోనానో ఇనాల," అన్నాడు.

కూర్మన్న గోకాడు, ఊదాడు. నా పాత గొంతు నాకే కొత్తగా ఉంది. తవిటయ్య రాణి పాట ఎత్తుకున్నాడు. చరణం దగ్గర గొంతు అందక చీలిపోయింది. తల దించుకున్నాడు.

అప్పుడు వంటింట్లోంచి, చేపలు తోముతూనే, పారమ్మ ఆ చరణం అందుకుంది. తొణకకుండా బెణకకుండా కొసదాకా పాడి, చేతులు తుడుచుకుంటూ గుమ్మంలోకి వచ్చింది.

"ఏటన్నియ్యా అలా సూస్తావు? సిన్నప్పట్నించీ ఇంటన్నాను. నేర్పమని అడిగితే ఆడపిల్లకి గజ్జెలేటన్నావు. అనీసి, సీర కట్టుకుని నువ్వెళ్లిపోనావు."

ఆడవేషానికి మగవాడే కావాలన్న నియమం మేకలు పెట్టింది కాదు, కాబట్టి ఆ తప్పు నాది కాదు. పొద్దు వాలేదాకా తవిటయ్య అరుగు మీదే కూర్చున్నాడు. వెళ్తూ వెళ్తూ, "రాణి జడ నీకు బరువవుద్ది. సవరాలు కొన్ని తీసీస్తానులే," అన్నాడు చెల్లెలితో.

అమ్మవారి పండగ ఆటకు ఆడమనిషి వేషం కడుతుందని మేళంలో కొందరు అలిగి రాలేదు. తవిటయ్య మాత్రం చెలికత్తె వేషం కట్టి ముందు తానే నిలబడ్డాడు. మనవలున్న పారమ్మ రాణిగా తెర వెనక నిలబడింది.

"మావా, ఊదు," అంది.

కూర్మన్న ఊదాడు. ఆమె పాట ఎత్తుకుని తెర దాటింది. జనం గోల ఆగింది. పాట మధ్యలో నాకు తెలిసింది, పైనుంచి గాలి రావడం లేదని. కూర్మన్న గొట్టాన్ని పెదవుల దగ్గర పట్టుకునే ఉన్నాడు. ఊదడం మరిచిపోయి, నోరు తెరిచి భార్యను చూస్తున్నాడు.

మా జాతికి ఏ దేశంలోనైనా ఉన్న గొప్ప ఇదొక్కటే. ఊదేవాడి ఊపిరి ఆగినా, కడుపులో దాచుకున్నది కాసేపు పలుకుతుంది. అతని మోచేయి తనంతట తానే నన్ను నొక్కింది. దాచుకున్నదంతా ఇచ్చేశాను. పారమ్మ చరణం కొసకు చేరింది. అప్పుడు గాని కూర్మన్న ఊపిరి పీల్చుకోలేదు.