తగరం ఏడుపు విన్న పళ్ళు

లోహం ఏడుస్తుందని ఈ లోకంలో మొట్టమొదట కనిపెట్టినవాణ్ణి నేనే. నవ్వకండి. బంగారం మెరుస్తుందని, ఇనుము తుప్పు పడుతుందని, పులుపు తగిలితే రాగి పచ్చగా చిలుము కక్కుతుందని ఎవరైనా చెబుతారు. తగరం మాత్రం ఏడుస్తుంది. వేలి లావు కడ్డీని పట్టుకుని మెల్లగా వంచితే లోపల్నించి కిర్రుమని సన్నటి ఏడుపు వస్తుంది. కరిగిన తగరం గట్టిపడేటప్పుడు దాని లోపల పటికబెల్లంలా పలుకులు కడతాయి. వంచినప్పుడు ఆ పలుకులు ఒకదాన్నొకటి ఒరుసుకుంటాయి. అదీ సంగతి. సీసానికి ఈ గుణం లేదు, మెడలు విరిచినా మూగమొద్దే. తగరంలో సీసం బాగా కలిపారంటే తగరానికీ నోరు పడిపోతుంది.

ఇదంతా నేను కనిపెట్టింది మా అత్తగారి కళాయి కొట్లో. నేను ఇల్లరికపు అల్లుణ్ణి. అంటే ఆ ఇంట్లో కొలిమితిత్తి గాలి పీల్చుకున్నాక మిగిలింది నేను పీల్చుకోవచ్చు.

రాగి గుండిగల లోపల తగరం పూత పూయడం మా పని. పూత పోయిన గుండిగలో పుల్లటిది ఏది వండినా తిన్నవాళ్ళకి కడుపులో దేవుతుంది. గుండిగని తోమి, నిప్పుల మీద కాల్చి, మకిలి వదిలి పూత అంటుకునేలా నవాసాగరం పొడి చల్లి, లోపలి గోడకి కడ్డీ తాకిస్తే తగరం వెన్నలా కరుగుతుంది. దూది ఉండతో ఒక్క తుడుపు తుడిస్తే లోపలంతా వెన్నెల పడినట్టు తెల్లబడుతుంది. మామగారు పోయాక ఈ పనంతా అత్తగారే చేసేది, నేను తిత్తి ఊదేవాణ్ణి. పక్కన రాగిరేకులు కొట్టే సుత్తుల మోతకి మా వీధిలో అందరికీ సగం చెవుడు. ఆవిడకి నిండు చెవుడు. ఎదుటివాళ్ళ పెదాలు చూసి మాట పట్టేది. తిట్టడానికి చెవులతో పనిలేదు గనక ఆ విద్యలో ఆవిడకి లోటేమీ రాలేదు.

వీధి మొత్తానికీ తగరం కడ్డీలు అమ్మే షావుకారు ఒక్కడే. ఏ మాట మీదా నిలవడు, పట్టుకోబోతే వేళ్ళ సందుల్లోంచి జారిపోతాడు. అందుకని వాడికి పాదరసం అని పేరు పెట్టుకున్నాం.

ఒక పొద్దున హాస్టలు వంటాయన బండెడు గుండిగలు తెచ్చి మా కొట్టు ముందు దించాడు. హాస్టలు నిండా చిన్నపిల్లలు. మా ఇంట్లో పొయ్యి వెలిగేది చాలావరకు ఆ గుండిగల మీదే. అదే వేళకి పాదరసం కొత్త కడ్డీలు పట్టుకొచ్చాడు. అత్తగారు ఒక కడ్డీ తీసి, దాని కొసని పళ్ళతో కరిచిపట్టుకుని, రెండో కొసని చేత్తో వంచింది.

"ఆకలేస్తే చెప్పొచ్చుగా అత్తయ్యా, అన్నం పెట్టిస్తాను" అన్నాను.

"తిత్తి ఊదు అల్లుడూ, నోరు కాదు."

చెవులు పోయినా దవడ ఎముక ఉంది కదా. తగరం ఏడిస్తే ఆ ఏడుపు పళ్ళలోంచి తిన్నగా తలలోకి పాకుతుంది. ఆవిడ ఇంకో కడ్డీ కొరికింది, మరొకటి కొరికింది. తుపుక్కున ఉమ్మేసి, మూడిట్నీ షావుకారు కాళ్ళ దగ్గరికి విసిరింది.

"ఇవి ఏడవడం లేదు."

"ఏడవడానికి కడ్డీలేమన్నా చంటిపిల్లలా పిన్నీ?"

"సీసం కలిపావు. సీసం బరువెక్కువ, ఆ తేడా తెలీకుండా కడ్డీ సన్నగా పోయించావు కూడానూ."

"తళతళలాడుతోంది చూడు. వీధిలో అందరూ తీసుకున్నారు. ఎవరికీ లేని నొప్పి నీకేం?"

అందరూ తీసుకున్న మాట నిజమే. ఆ సుత్తుల మోతలో కడ్డీ ఏడుపు ఎవరికి వినపడుతుంది? వంచి చూడడం ఎప్పుడో మానేసి, మెరుపు చూసి కొనుక్కుంటున్నారు.

"సీసం పూసినదాంట్లో వండి పెడితే పిల్లల ఒంట్లోకి కొంచెం కొంచెంగా దిగుతుంది. తిన్నవాడు తిన్నపూటే పడిపోడు. అదే కదరా నీ ధైర్యం" అంది అత్తగారు.

"అయితే నా దగ్గర కొనకు. వేరే ఎక్కడ దొరుకుతుందో నేనూ చూస్తాను. సాయంత్రానికి నీ కొలిమి ఆరిపోతుంది."

"నువ్వు ఆర్పేదేంటి? నా కొలిమి నేనే ఆర్పుకుంటాను!"

బిందె ఎత్తి నిప్పుల మీద గుమ్మరించింది. బుస్సుమని ఆవిరి లేచి కొట్టంతా కమ్మేసింది. ఆవిరి విడిపోయేసరికి ఆవిడ ఒక గుండిగని వీధి మధ్యకి దొర్లించి, బోర్లించి, దాని మీద కూర్చునుంది.

వంటాయన లబోదిబోమన్నాడు. "అక్కా, రేపు పిల్లలకి ఎందులో వండను? ఏదో ఒకటి పూసెయ్, లేకపోతే పక్క కొట్టుకి తీసుకుపోతాను."

"తీసుకుపో. ముందు ఈ రెండూ కొరికి పో" అని తన దగ్గరున్న పాత తగరం ముక్కా, కొత్త కడ్డీ చేతిలో పెట్టింది. పాతది కొరికి వంచగానే ఆయన కళ్ళు గుండ్రంగా తిరిగాయి.

"అమ్మో, దీని లోపల ఎవరో ఉన్నారు!"

కొత్తది కొరికాడు. ఎవరూ లేరు. గుండిగలు అక్కడే వదిలేసి, అన్నం ఇనుప బాణలిలో వండుకుంటానని వెళ్ళిపోయాడు.

"రండర్రా!" అని అత్తగారు వీధి అదిరేలా కేకేసింది. "మీ చెవులు పోయాయి, పళ్ళున్నాయిగా! వచ్చి కొరకండి!"

అంతే, కొట్లన్నీ ఖాళీ. మసి మొహాలవాళ్ళు, మీసాలవాళ్ళు, మనవల్ని ఎత్తినవాళ్ళు, ఒక్కొక్కరూ రెండు ముక్కలూ కొరికి వంచి, మొహాలు మాడ్చుకుని తమ కొలిముల్లో నీళ్ళు పోసుకున్నారు. "కడ్డీలన్నీ ఎంగిలి చేస్తున్నారు బాబోయ్!" అని పాదరసం అటూ ఇటూ పరిగెత్తాడు. వీధి మీద ఆవిరి తప్ప పొగన్నది లేదు. వాడి సరుకు కొనే నాథుడు లేక, కొన్నాళ్ళకి అసలు తగరం తెచ్చాడు. అత్తగారు వాడి కళ్ళ ముందే ప్రతి కడ్డీ కొరికి చూసుకుని, ఆ తర్వాతే కొలిమి రాజేయమంది. హాస్టలు గుండిగలు తెల్లగా మెరుస్తూ బండెక్కాయి.

ఇక, మొదట నేనే కనిపెట్టానన్న మాట కొంచెం సర్దుకోవాలి. అత్తగారికి వాళ్ళమ్మ చెప్పింది. వాళ్ళమ్మకి ఎవరు చెప్పారో మరి. తగరం వంచి చూసిన ప్రతివాడికీ ఎప్పట్నించో తెలిసిన సంగతే. మా వీధిలో అందరికన్నా ఆఖరున తెలిసింది నాకు. ఇప్పుడు పెట్టుడు పళ్ళు, కడ్డీ కొరికితే అదేమీ ఏడవదు, నేనే ఏడవాలి.

ఇంకొకటి కల్పించాను. వీధంతా వచ్చి కొరికిందన్నానే, అదీ. ఆ రోజు ఒక్కడూ గడప దాటలేదు. చీకటి పడేదాకా ఆవిడ ఆ గుండిగ మీదే కూర్చుంది. వంటాయన తర్వాత ఆవిడ ముందు నిలబడి కడ్డీ కొరికినవాణ్ణి నేనొక్కణ్ణే. మిగతావాళ్ళు ఇళ్ళల్లో తలుపులు వేసుకుని చాటుగా కొరుక్కున్నారట. ఆ తర్వాత ఏమీ ఎరగనట్టు ఒక్కొక్క కొలిమీ ఆరింది. షావుకారు దిగొచ్చింది నిజం, గుండిగలు మెరిసిందీ నిజం. కానీ వాళ్ళందర్నీ నడివీధిలో నిలబెట్టి కొరికించాలని ఆవిడకి చచ్చేదాకా కోరిక. ఎవరూ రాలేదు. అందుకని నేనే రప్పించాను. నా కథలో నిలబెట్టాను, కొరికించాను. కాదన్నవాణ్ణి వచ్చి ఈ కడ్డీ కొరకమనండి.