పాతరలో ఆగిన లెక్క

అయినా ఆ మాట అన్నది తనేనని ఎక్కడ రాసి ఉంది? ఎక్కడా లేదు. ‘గురజాల వైపు ఒక వర్తకుల ఇంటి కోడలు’ అని మాత్రమే ఉంది. గురజాల వైపు వర్తకుల ఇళ్ళు తక్కువేం కాదు. ఒక్క ఈ బజారులోనే... వెంకటకృష్ణయ్య వేళ్ళు మడవబోయి ఆగాడు. వేళ్ళు మడిచి చూసుకునేవాడు భయపడినవాడు. తనేమీ భయపడలేదు. కిరాణా కొట్లో బేరం లేని వేళ ఏదో చదువుకుంటున్నాడు, అంతే. పుస్తకానికి పాత పేపరుతో అట్ట వేసింది కూడా మాసిపోతుందనే.

పుస్తకం అతనిది కాదు, భార్య ధనమ్మది. పేరు ‘పల్నాడు అడుగు పొరలు’. రాసింది సాయిసుధ అని, నరసరావుపేటలో కాలేజీ లెక్చరర్. పోయిన ఏడాది కొన్నాళ్ళు వస్తూ పోతూ ఉండేది. కొట్టు వెనక ఇంట్లోకి వెళ్ళి, వంటింట్లో ధనమ్మ పక్కన పీట వేసుకుని కూర్చునేది. ఇద్దరి మధ్యా ఫోను పెట్టేది. పాతకాలపు వంటలు అడుగుతుందేమో అనుకున్నాడు. కొట్లోంచి చెవి పెడితే నవ్వులు వినపడేవి, మాటలు తెలిసేవి కావు. పోయిన వారం ఆ అమ్మాయే వచ్చి పుస్తకం చేతిలో పెట్టి, ఆవిష్కరణ సభలో పిన్నిగారు స్టేజీ మీద కూర్చుని నాలుగు మాటలు చెప్పాలని ఒప్పించి వెళ్ళింది. ఆ సభ ఈ సాయంత్రమే, నరసరావుపేటలో. మూడింటికి కారు వస్తుంది.

ధనమ్మ ఆ పుస్తకాన్ని బియ్యం డబ్బా మీద పెట్టింది. తెరవలేదు. అతను గమనిస్తూనే ఉన్నాడు. తను చెప్పిన మాటలు అచ్చులో వచ్చాయంటే ఏ మనిషైనా తెరిచి చూసుకోదా? చూసుకోలేదంటే లోపల ఏముందో ముందే తెలుసు. తెలిసినదాన్ని అతని ఎదుట తెరవటం ఇష్టం లేదు. ఈ ఆలోచన ఈ ఉదయం కాఫీ తాగుతుండగా వచ్చింది. వచ్చాక కూర్చోలేకపోయాడు. ఆవిడ స్నానానికి వెళ్ళినప్పుడు పుస్తకం తీసుకుని కొట్లోకి వచ్చేశాడు.

మొదటి అధ్యాయాలు అతన్ని ఏమీ చేయలేదు. గురజాల, మాచర్ల నేల కింద ఉన్న నాపరాయి ఒకప్పటి సముద్రం అడుగున పేరుకున్న బురద అని రాసింది. ఎన్నో యుగాల తర్వాత వచ్చిన మనుషులు చనిపోయినవాళ్ళను కుండలతో సహా పాతి, చుట్టూ బండలు నిలబెట్టారని, వాటినే మనవాళ్ళు రాకాసి గుళ్ళు అంటారని రాసింది. చూసినవాడెవడు, అనుకుంటూ పేజీలు తిప్పాడు. వయసంతా తక్కెడ పట్టిన మనిషి. తూకానికి రాని మాటను పక్కన పెట్టటం అతనికి అలవాటు.

చివరి భాగం దగ్గర ఆ అలవాటు పనిచేయలేదు. అది పాతర్ల గురించి. పాతరను అతను చూశాడు. కళ్ళారా చూసినదాన్ని అనుమానించటం ఎలాగో అతనికి తెలియలేదు.

సాగర్ కాలవ రాకముందు ఇటువైపు జొన్నలే తిండి, జొన్నలే వ్యాపారం. పెరట్లో గొయ్యి తవ్వేవారు. పైన మెడ సన్నగా, కింద పొట్ట వెడల్పుగా, నేలలో కాగు పాతినట్టు ఉండేది. చుట్టూ చొప్ప పరిచి, జొన్నలు పోసి, మూతికి బండ వేసి మట్టితో మెత్తేవారు. ధర లేచినప్పుడు తీసేవారు. బండ తీయగానే దిగకూడదు, లోపలి గాలికి మనిషి చచ్చిపోతాడు. ఒక పూట తెరిచి ఉంచి, దీపం దించి చూడాలి. దీపం ఆరకపోతే అప్పుడు మనిషి. ఇదంతా సరిగానే రాసింది. ఇంకొక సంగతి కూడా రాసింది. అది ఆ అమ్మాయికి ఎలా తెలిసిందా అని అతను ఆ పేరా మళ్ళీ చదివాడు. రైతుల ఇళ్ళలో పాతరలోకి కూలివాళ్ళు దిగేవారట, వర్తకుల ఇళ్ళలో మాత్రం కోడళ్ళను దించేవారట. ఎంత సరుకు దాచారో బయటివాడి కంట పడకూడదు. కోడలైతే ఇంటి మనిషి. పైగా కొత్త కోడలు సన్నగా ఉంటుంది, పాతర మెడలోంచి దూరుతుంది.

నాన్న సరిగ్గా ఈ మాటలే అనేవాడు.

దిగిన మనిషి గంప నింపి పైకి లెక్క చెప్పాలి. మొదటి గంపకు ఒకటి అనరు, లాభం అంటారు. లాభం, రెండు, మూడు, అలా. లెక్క వినపడుతున్నంతసేపూ కింద ఊపిరాడుతున్నట్టు. లెక్క ఆగితే ఆ మనిషి నడుముకు కట్టిన తాడు వెంటనే లాగాలి. అది నియమం. దాని కింద ఆ కోడలు చెప్పిందంటూ ఇలా వేసింది:

‘నేను లెక్క ఆపాను. ఊపిరాడక ఆపానా, ఆపితే ఏం చేస్తారో చూద్దామని ఆపానా, ఇప్పుడు చెప్పలేను. పైనుంచి మా ఆయన గొంతు వినపడింది. ఎంత దాకా వచ్చింది, అన్నాడు. నేను ఉన్నానా పోయానా అని అడగలేదు. లెక్క తప్పానని తిట్టి, మళ్ళీ మొదటినుంచి చెప్పమన్నారు.’

అప్పుడు అతనికి ఇరవై రెండేళ్ళు. తాడు అతని చేతిలో ఉంది. నాన్న పక్కన గోడ మీద సుద్దతో గీతలు గీస్తున్నాడు. లెక్క ఆగింది. ఆగిన మాట నిజమే. తర్వాత ఒక గొంతు ‘ఎంత దాకా వచ్చింది’ అంది. ఆ గొంతు ఎవరిది? పొద్దున్నించీ దాన్ని మళ్ళీ వినాలని చూస్తున్నాడు. ఒకసారి నాన్నది, ముక్కులోంచి వచ్చే గొంతు. ఇంకోసారి తనది. ఈ వయసులో తన గొంతు కూడా ముక్కులోంచే వస్తోంది కాబట్టి మనసు రెండింటినీ కలిపేసి మోసం చేస్తోందా? పోనీ చేతులకు గుర్తుండాలి. తాడు లాగి ఉంటే ఆ బరువు ఎక్కడో ఉండాలి. రెండు చేతులూ గల్లా పెట్టె మీద పరుచుకుని చూశాడు. చేతులు ఏమీ చెప్పలేదు. ధనమ్మ పైకి వచ్చాక కనురెప్పల నిండా దుమ్ము ఉండటం, చెంబెడు నీళ్ళు తాగి వంటింట్లోకి పోవటం మాత్రం స్పష్టంగా కనపడుతోంది. ముందు జరిగింది పోయి, వెనక జరిగింది మిగలటం ఏమిటి?

“ఏంది బాబాయ్, టెన్త్ పరీక్షకు కూర్చున్నట్టు చదువుతున్నావు?”

ఎదుటి ఎరువుల కొట్టు కోటి. వెంకటకృష్ణయ్య పుస్తకం మూసి మోకాళ్ళ మీదికి దించాడు.

“ఏం లేదురా. ఏం కావాల?”

“అరకేజీ పంచదార. పిన్ని స్టేజీ ఎక్కుతుందంటగా ఇయ్యాళ? నీ మీద కంప్లైంటు చెప్పుద్దేమో, చూసుకో.”

“చెప్పటానికేముంది. పాతర్ల గురించి రెండు ముక్కలు చెప్పి వస్తది.”

“పిన్నా? రెండు ముక్కలా? మైకు చేతికిచ్చాక మళ్ళీ తీసుకోవాలంటే క్రేను తెప్పించుకోవాల.” కోటి తన మాటకు తనే నవ్వాడు. “మా ఆవిడ అంతకన్నా నయం, ఆటోవాడికి చెప్పి ఊరుకుంటది.”

పొట్లం తీసుకుని పోయాడు. కంప్లైంటు అని ఎందుకన్నాడు? ఉత్త సరదాకేనా? కోటి పుస్తకాలు చదివే రకం కాదు, ఎరువు బస్తా మీద రాసింది కూడా చదవడు. కానీ వాళ్ళావిడ ధనమ్మ దగ్గరికి వస్తూ పోతూ ఉంటుంది. వంటింట్లో నవ్వులు వినపడిన రోజుల్లో మూడో నవ్వు ఒకటి ఉండేదా? సభకు నరసరావుపేట మిల్లర్లు వస్తారు. తనతో లావాదేవీలు నడిపినవాళ్ళు ముందు వరసలో కూర్చుంటారు. మొగుడు తాడు పట్టుకుని లెక్క అడిగాడని ధనమ్మ మైకులో చెబుతుంది. వాళ్ళు మర్యాదగా చప్పట్లు కొడతారు. బయటికి వచ్చాక అతని పేరు ఆ ఒక్క మాటతోనే తలుచుకుంటారు.

అదైనా ఫరవాలేదేమో. ఊరు నాలుగు రోజులు నవ్వి మర్చిపోతుంది. ఇన్నేళ్ళుగా ఆవిడ అదే నమ్ముతూ తనకు అన్నం పెడుతోందా అన్నది వేరే సంగతి. దాని దగ్గరికి వచ్చేసరికి ఆలోచన పక్కకు తప్పుకుంటోంది.

తప్పుకున్న ఆలోచన ఒక ఉపాయం దగ్గర ఆగింది. రెండున్నరకు కళ్ళు తిరుగుతున్నాయని చెప్పాలి. బీపీ మనిషే, పూర్తిగా అబద్ధం కూడా కాదు. ధనమ్మ వదిలిపెట్టి పోదు. ఆవిడ మైకు పట్టకుండానే సభ ముగుస్తుంది.

మధ్యాహ్నం భోజనానికి లోపలికి వెళ్ళాడు. పాతరను ఎప్పుడో పూడ్చి దాని మీద బాత్రూము కట్టారు. చెయ్యి కడుక్కోవటానికి అటు వెళ్ళి, ఎందుకో ఇవాళ కొంచెం పక్కగా నిలబడి కడుక్కున్నాడు. ధనమ్మ మాట్లాడుతూనే ఉంది. కుక్కరుతో, పిల్లితో, పాలు సరిగా పోయలేదని అక్కడ లేని పాలమనిషితో.

“మణెమ్మ వాళ్ళింట్లో కూడా పాతర ఉండేది గదా,” అన్నాడు పప్పు కలుపుకుంటూ.

“ఉండేది.”

“వాళ్ళ కోడలు దిగేదా?”

“దిగకపోతే మణెమ్మత్త దిగుద్దా, ఆ ఒళ్ళేసుకుని? ఏంది, ఇయ్యాళ పాతర్ల మీద పడ్డారు?”

“ఏమే, ఆ అమ్మాయికి నువ్వేం చెప్పావు?”

“అడిగింది చెప్పా.”

“ఏమడిగింది?”

“ఎట్టా ఉండేది పిన్నీ అని అడిగింది. పెరుగా, మజ్జిగా? నిన్న మజ్జిగన్నారని చేస్తే పెరుగన్నారు.”

“సభలో ఏం చెప్తావు?”

“నాకేం తెలుసు. అక్కడికి పోయినాక నోటికేదొస్తే అది.”

ఆవిడ ముఖంలోకి చూశాడు. దాచుకున్న మనిషి ముఖం ఎలా ఉంటుందో అతనికి తెలుసు. అప్పుకు వచ్చినవాళ్ళను, కల్తీ సరుకు తెచ్చినవాళ్ళను ముఖం చూసే పట్టేవాడు. ఈ ముఖంలో ఏమీ దొరకలేదు. దొరకకపోవటమే ఇంకా అనుమానంగా ఉంది. ఆవిడ మళ్ళీ కుక్కరుతో మొదలుపెట్టింది. కాపురానికి వచ్చిన కొత్తలో ఇలా ఉండేది కాదు. కోడలికి నోట్లో నాలుక లేదని అమ్మ వచ్చినవాళ్ళందరితో చెప్పుకునేది. మరి ఈ మాటలు ఎప్పుడు మొదలయ్యాయి? పాతరలో దిగి వచ్చాకేనా? గదిలో ఒక్కతే ఉన్నా ఆపని ఈ మాటలు? ముద్ద చేతిలోనే ఉండిపోయింది. ఈ ప్రశ్నను ఇంకొంచెం ముందుకు తీసుకుపోతే ఏం తేలుతుందో అతనికి అర్థమైంది. తీసుకుపోలేదు. మజ్జిగ పోసుకుని లేచాడు.

రెండున్నర దాటింది. కళ్ళు తిరుగుతున్నాయన్న మాట నోట్లో సిద్ధంగానే ఉంది. చెప్పేలోపే కారు వచ్చి కొట్టు ముందు ఆగింది. సాయిసుధ దిగి, ధనమ్మ చీర మార్చుకుంటోందని తెలిసి, కొట్లో స్టూలు మీద కూర్చుంది. అతని మోకాళ్ళ మీద పేపరు అట్ట వేసిన పుస్తకాన్ని చూసింది.

“చదివానమ్మాయ్,” అన్నాడు అతనే. “ఆ లెక్క ఆపిన కోడలు ఎవరు?”

“పేరు చెప్పనని మాటిచ్చాను బాబాయిగారూ.”

“మా ధనమ్మేనా?”

సాయిసుధ కళ్ళజోడు తీసి తుడుచుకుంది. “ఒక్కరు కాదండీ. ముగ్గురు చెప్పారు. మూడూ వేరే వేరే ఇళ్ళు, వేరే వేరే ఊళ్ళు కూడా. ఒకరికొకరు తెలియదు. మాటలు మాత్రం దాదాపు అవే. అందుకని కలిపి ఒకరు చెప్పినట్టు రాశాను. ముందుమాటలో ఆ సంగతి చెప్పాను.”

ముందుమాట అతను చదవలేదు. ముందుమాటలు ఎవరు చదువుతారు. ముగ్గురు. మూడు పాతర్లు, మూడు తాళ్ళు, మూడు గొంతులు అదే మాట. అయితే తనొక్కడే కాదు. ఎవరి కొట్లోనైనా అదే అడిగేవారు. కింద చీకట్లో గొంతు ఆగితే పైన ఉన్నవాళ్ళకు తప్పింది లెక్కే అనిపించేది. గుండె మీదనుంచి బస్తా దించినట్టయింది.

అలా దిగినందుకే అతనికి అనుమానం వచ్చింది. ఇంత తేలిగ్గా దిగిపోయే బరువు ఎవరిది? పొద్దున్నించీ ఎన్ని ప్రశ్నలు వేసుకున్నాడు! ఆ గొంతు ఎవరిది, మిల్లర్లు ఏమనుకుంటారు, కోటికి తెలుసా. ఒక్కటీ పాతర లోపలిది కాదు. అన్నీ పైన నిలబడి వేసినవే.

“ఆ ముగ్గురిలో మా ఆవిడ ఉందా, చెప్పమ్మా.”

“తలుపవతలే ఉన్నారు గదండీ,” అంది సాయిసుధ మెల్లగా. “అడగండి.”

ధనమ్మ ముదురాకుపచ్చ చీరలో వచ్చింది. వస్తూనే పాలు కాచానని, రాత్రికి ఉప్మా రవ్వ వేయించి పెట్టానని, పిల్లి వస్తే మూత మీద బరువు పెట్టమని, ఒకదాని వెంట ఒకటి చెబుతూ మెట్లు దిగింది. కారు వెనక సీట్లో కూర్చుంది. సాయిసుధ ముందు ఎక్కింది. వెంకటకృష్ణయ్య గల్లా పెట్టె మూశాడు. కళ్ళు తిరుగుతున్నాయన్న మాట ఇంకా నోట్లోనే ఉంది, ఇప్పుడన్నా సరిపోతుంది. కొట్టు దిగి, చెప్పులు కూడా వేసుకోకుండా ఎండలో కారు దగ్గరికి నడిచాడు.

ధనమ్మ అద్దం దించింది.

“ఏంది, మాత్ర కనపళ్ళేదా? ఫ్రిజ్ మీదుంది, నీళ్ళ బాటిల్ వెనకమాల. పొద్దున్నే చెప్పా.”

“మాత్ర కాదు.”

“మరి? కరెంటు బిల్లయితే కోటి వాళ్ళబ్బాయి ఫోన్లో కట్టేశాడు.”

డ్రైవరు ఇంజను స్టార్టు చేశాడు. వెంకటకృష్ణయ్య కిటికీ అంచు మీద చెయ్యి వేశాడు. ఇనుము కాలుతోంది. తీయలేదు. వంగి, ఆవిడకు మాత్రమే వినపడేంత దగ్గరికి ముఖం తెచ్చాడు.

“ఆ రోజు పాతరలో,” అన్నాడు, “నీకు ఊపిరి ఆడిందా ధనం?”