ఎవరిస్తో నోరు, వేరొకరి గొంతు

తెరమీద ఎవరిస్తో పదకొండోసారి చచ్చిపోతున్నాడు, హాల్లో కూర్చుని తనే అది చూస్తున్నాడు. పక్క సీట్లో అతని భార్య కసిల్దా పొద్దుతిరుగుడు గింజలు కొరకడం ఆపేసి ముక్కు చీదింది.

"ఏం గొంతు! ఒళ్ళు జలదరిస్తుంది."

"అది నాది కాదు."

"తెలుసులే. నీది రాత్రంతా గురక పెట్టేదేగా."

వెనక వరసలో ఎవరో నవ్వారు.

పదేళ్ళుగా అల్మెరియా ఎడారిలో తీసే గుర్రాల సినిమాల్లో ఎవరిస్తో దొంగ, లేదంటే దొంగ తమ్ముడు. అక్కడ షూటింగులో శబ్దం పట్టరు. ఎవరి భాషలో వాళ్ళు మాట్లాడేస్తారు, తర్వాత మాద్రిద్‌లో గొంతులు అతికిస్తారు. ఎవరిస్తోకి ఎప్పుడూ అతికేది డబ్బింగు చెప్పే లెయొకాదియో గొంతే. ఆ మనిషిని చూడకుండానే ఎవరిస్తో అసహ్యించుకున్నాడు. చేపలమ్మే ఆవిడ "ఏదీ, ఆ గొంతుతో నన్నోసారి పిలువు" అన్నప్పటినుంచి ఆ వీధికే వెళ్ళడం మానేశాడు.

పన్నెండో సినిమాలో అతని చావుకి నాలుగు వాక్యాలు దక్కాయి. అమ్మా అనేలోపే పోయేవాడికి అది తక్కువేం కాదు. ఈసారి ఆ మాటలు తన గొంతుతోనే కసిల్దా వినాలి. డబ్బింగు చూసే పెద్దాయన చుట్టూ మూడు వారాలు తిరిగాడు.

"సరేనయ్యా, ఒక్క పూట. కుదరకపోతే లెయొకాదియో ఎలాగూ ఉంటాడు," అన్నాడాయన చివరికి.

లెయొకాదియో ఉన్నాడు. ఉన్ని స్వెట్టరు వేసుకున్న బట్టతల మనిషి, మూల కుర్చీలో సోంపు బిళ్ళ చప్పరిస్తున్నాడు. ఇతని గొంతుకా కసిల్దా కన్నీళ్ళు పెట్టుకున్నది!

చీకటి గదిలో తెరమీద తన మొహం కదిలింది. ఎవరిస్తో గట్టిగా ఊపిరి పీల్చి, "నన్ను కొండవైపు తిప్పి పడుకోబెట్టు..." అని మొదలుపెట్టాడు. మాట అయిపోయింది, తెరమీద పెదవులు ఇంకా ఆడుతున్నాయి. మళ్ళీ రీలు తిప్పారు. ఈసారి పెదవులు ముందే మూతపడ్డాయి. ఏడోసారికి చొక్కా తడిసిపోయింది.

అప్పుడు గుర్తొచ్చింది. షూటింగు రోజు మాటల కాగితం చేతికందలేదు. "ఏదో ఒకటి వాగు, నోరు కదిలితే చాలు!" అని డైరెక్టరు అరిస్తే, ఎప్పటిలాగే తను ఇంటికెళ్ళే మెట్రో స్టేషన్ల పేర్లు చదివేశాడు. ఆ పేర్ల మీదే చచ్చిపోయాడు.

మూలనుంచి లెయొకాదియో మెల్లగా అన్నాడు. "ఇక్కడ బిల్బావో. తర్వాత ఇగ్లేసియా, రియోస్ రోసాస్. అల్వరాదో దగ్గర మీకు కళ్ళు తేలిపోతాయి. ఎస్త్రెచో దాకా రారు."

"నీకెలా తెలుసు?"

"ఆరు సినిమాలనుంచి అవే కదండీ. నాదీ ఆ రైలే."

అతను లేచి, పెన్సిలుతో కాగితం మీద రెండు మాటలు మార్చి, బిళ్ళ బుగ్గన పెట్టుకుని ఒక్కసారే చదివాడు. ప్రతి మాటా ఎవరిస్తో పెదవులమీద పుట్టినట్టే ఉంది. పెద్దాయన కళ్ళద్దాలు తుడుచుకున్నాడు. తన నోరు తనకన్నా ఎక్కువగా ఎరిగిన మనిషి మీద ఎవరిస్తోకి కడుపు మండిపోయింది. ఆ రోజు అతను మెట్రో ఎక్కలేదు, ఇల్లున్న తెతువాన్ దాకా నడిచే వెళ్ళాడు.

పదమూడో సినిమాలో గుండు తగలగానే ఎవరిస్తో పళ్ళు బిగించాడు. "నోరు తెరవవయ్యా!" అని డైరెక్టరు అరిచినా తెరవలేదు. ఆ లెయొకాదియో ఇప్పుడేం అతికిస్తాడో చూద్దామనుకున్నాడు.

చలికాలంలో ఆ సినిమా వాళ్ళ పేటకొచ్చింది. తెరమీద ఎవరిస్తో మూసిన నోటితో ఇసుకలో ఒరిగాడు. అప్పుడు, అతని ముక్కుపుటాలు సరిగ్గా అదిరిన చోట, ఒక చిన్న నిట్టూర్పు వినిపించింది. అలసిపోయి ఇల్లు చేరిన మనిషి చెప్పులు విప్పుతూ విడిచే ఊపిరిలా ఉంది. ముందు వరసలో ఒక ముసలాయన టోపీ తీశాడు.

కసిల్దా అతని చెయ్యి గట్టిగా పట్టుకుంది. "మాటైనా లేకుండా ఎంత బాగా పోయాడో చూడు!"

"ఎవరు?" అన్నాడు ఎవరిస్తో.

"ష్," అంది కసిల్దా, తెరమీంచి కళ్ళు తిప్పకుండా.