ఏడో అతుకు

నేను ఏ సంచి సేతికి తీస్కున్నా ముందుగాల ముక్కు కాడ పెట్టుకుంట. కొత్తగ పనికొచ్చిన పొల్లలు సూసి కిసకిస నవ్వుతరు. "హన్మవ్వ సంచిని ముద్దు పెట్టుకుంటున్నదే" అని ఒకామె అంటది. "లగ్గం జేద్దాం తియ్" అని ఇంకొకామె. నవ్వుండ్రి, నవ్వుండ్రి. మీ పండ్లు రాలగొట్టే శక్తి నాకిప్పుడు లేదు. ఒక్క ముచ్చట సెప్త, ఇన్నంక గూడ నవ్వొస్తే నవ్వుండ్రి.

గప్పుడు అరవై ఏడో సంవత్సరం. నిజామాబాద్ గింజల మార్కెట్, గంజ్ అంటరు, దాని ఎనుక ఆత్మారాం సేటు బార్దాన్ దుకాణంల సంచులు కుట్టేటోళ్లం పదకొండు మందిమి. బార్దాన్ అంటే ఇంకేం గాదు, పాత గోనె సంచులు. నేను పనిల చేరిన కొత్తల గా గల్లీల సేటుది ఒక్కటే దుకాణం. పదేండ్లు తిరగక ముందే తొమ్మిది లేచినయ్. ఎందుకు లేవయ్? కాలువ నీళ్లకు వరి, చెరుకు ఇరగ పండవట్టె. పసుపు బండ్లు గంజ్ ముందట బారు గట్టవట్టె. కొత్త సంచులకు కరువొచ్చి, అడిగితే దుకాణపోడు ఎగాదిగా సూడవట్టె. ఇగ అందరికీ పాత సంచే దిక్కు. మనిషికి ఒక్కటే జన్మ, సంచికి ఏడు. బోధన్ దిక్కు నుంచి సక్కెరతోని వస్తది, మళ్ల బియ్యానికి పోతది, అటెన్క పసుపు, అటెన్క బెల్లం, ఆఖరికి బొగ్గు. సినిగి పేలికైనా ఇడువం, ముక్కలు కోసి వేరే సంచులకు అతుకులేస్తం. పారేసుడు అన్న మాట మా గల్లీల లేదు.

అతుకేసుట్ల నా అంత దాన్ని గంజ్ మొత్తంల ఒక్కదాన్ని సూపెట్టుండ్రి! పోగుకు పోగు కలిపి, నేత దిక్కు సూసి కుడితే, అతుకు యాడున్నదో సేటుకు గూడ దొరకకపోయేది. "హన్మవ్వ కుట్టిన సంచి కొత్తదాని లెక్క పోతది" అని సేటు గిరాకుల ముందట అంటుంటే, పని సేస్తున్నట్టే తల వంచుకొని లోపల మురిసిపోయేదాన్ని. గా మురిపెమే నా కొంప ముంచింది.

ఆ దినం బోధన్ దిక్కు నుంచి ఒక బండి పాత సంచులొచ్చినయ్. చెంచురామయ్య అని, కోస్తా నుంచొచ్చి కాలువ కింద భూములు కొన్న రైతు. ఆయన ఇంట్ల పాలేరు తెచ్చి అమ్మి పోయిండు. అండ్ల ఒక సంచి నడుమ చీరుకపోయి ఉన్నది. సగం దాకా నూనె మరక, పట్టుకుంటే బిర్రుగున్నది. ముక్కు కాడ పెట్టుకుంటే కుళ్లిన ఎల్లిపాయ వాసన.

"ఏందే గది?" అన్నది పక్కన కూసున్న ముత్తక్క.

"ఇంకేముంటది, ఆవకాయ జాడీ ఒలికింది. గా ఆంధ్రోళ్లు ఊరగాయ లేకుంటే ముద్ద మింగరు గదా!" అన్న నేను. ఇద్దరం కడుపులు పట్టుకొని నవ్వినం. నిజం సెప్తున్న బిడ్డా, గట్ల నవ్వుకుంటనే గా సంచిని కత్తెరతోని ముక్కలు ముక్కలు కోసిన. ఏడు అతుకులెల్లినయ్. ఏడు సంచులకు ఏసిన. దబ్బనంల సుతిలి దారం ఎక్కించేటప్పుడు కొన నోట్లె తడుపుడు మా అలవాటు. గా సేతులతోనే తడిపిన, గా నోట్లెనే.

మా దుకాణంల ఒక కట్టుబాటు ఉండేది. నూరు సంచులు కుట్టినామెకు ఒక సంచి మామూలు. ఆ దినం మాపటికి నాకు నూరు నిండినయ్. కుప్ప మీదికెళ్లి ఒకటి గుంజుకొని సంకల పెట్టుకొని ఇంటికి పోయిన. ఇంట్ల నా అల్లుడు లింబయ్య కూసున్నడు. నవీపేట్ నుంచి వచ్చిండు. నా బిడ్డ రేణుకకు రెండో కాన్పు, అత్తగారింట్లనే అయింది. ఇంకో మూడు దినాలకు పిలగానికి ఇరవై ఒకటో దినం. గా దినం పిలగాన్ని తొట్టెలల ఏసి నలుగురికి అన్నం పెట్టాలె. అమ్మమ్మను గదా, ఒట్టి సేతులు ఎట్ల సూపుత? సంచిల బియ్యం పోసి, మూతి కుట్టి అల్లుని నెత్తికెత్తిన.

అల్లుడు బస్సెక్కిన గడియకే నాకు సొల్లు కారుడు షురువైంది. కండ్లు మసకలు. దీపం ఎలిగించిన గని పొగల సూసినట్టే ఉన్నది. కక్కిన, మళ్ల కక్కిన. సేతుల మీద కండలు వాటంతటవే ఎగురుతున్నయ్. ముత్తక్క పరుగున వచ్చి ఉప్పు, మిరపకాయలు తిప్పి పొయిల ఏసింది. "దిష్టి గదే. సేటు నిన్ను అందరి ముందట మెచ్చుకుంటుంటే ఎవల కండ్లు ఊకుంటయ్?" అన్నది. నేను గూడ నిజమే అనుకున్న. రెండు దినాలు సాప ఇడువలే.

మూడో దినం, అంటే నా మనుమని ఇరవై ఒకటో దినం, కాళ్లు వణుకుతున్నా పనికి పోయిన. కుట్టిన సంచులు ఇంకా లోపల్నే ఉన్నయ్. పగటి యాళ్లకు లారీ వస్తది, రుద్రూర్ దిక్కు బెల్లం వండేటోళ్లకు పోతయ్. సేటు నుంచి నాలుగు పైసలు అడుక్కొని, పదిన్నర బస్సుకు నవీపేట్ పోయి బిడ్డ ఇంట్ల బంతిల కూసోవాలె అని నా ఆలోచన.

గంతల్నే తెల్ల పంచె, చెమటకు తడిసిన అంగీతోని ఒక పెద్దమనిషి లోపలికొచ్చిండు.

"అమ్మా, నా పేరు చెంచురామయ్య. మా పాలేరు ఇక్కడ సంచులు అమ్మాడట. అందులో నూనె మరకున్న సంచి ఒకటి మీ కంట పడిందా?" అని అడిగిండు.

నాకు పానం బాగలేకున్నా నాలుక ఊకుంటదా? "ఎందుకు పడలే! మీ ఆవకాయ ఘాటుకు నా ముక్కు పోయింది సారూ" అన్న.

ఆయన నవ్వలే. మొఖంల నెత్తురు లేదు. "ఆవకాయ కాదమ్మా. వరికి కొట్టే పురుగుల మందు. డబ్బా కారి సంచికి పట్టింది. పాతిపెట్టమని పాలేరుతో చెప్పాను. వాడు అది ఎంత విషమో తెలియక మిగతా వాటితో కట్టేశాడు. అమ్మకముందు ఆ సంచి పడేసిన చోట గడ్డి మేసిన లేగదూడ నిన్న కొట్టుకుని కొట్టుకుని పోయింది. అప్పుడు వాణ్ని నిలదీస్తే అమ్మేశానన్నాడు. పొద్దుటినుంచి ఈ గల్లీలో దుకాణం దుకాణం తిరుగుతున్నాను తల్లీ. ఎక్కడుంది ఆ సంచి?"

యాడుందని సెప్పాలె? సంచి ఉంటే గదా! ఏడు ముక్కలై ఏడు సంచులల్ల ఉన్నది. నాకు తగిలింది దిష్టి గాదని గప్పుడు సమజైంది.

సేటు గద్దె మీదికెళ్లి లేసి నా దగ్గరికొచ్చిండు. "హన్మవ్వా, లొల్లి సెయ్యకు. ఎవరికి తెల్వది. లారీ వస్తది, పోతది" అన్నడు మెల్లగ.

"నీ నోట్లె మన్ను వడ! అండ్ల బెల్లం పోస్తరు సేటూ, బెల్లం! పసిపోరలు గోక్కొని తింటరు!" అని ఒర్రిన. పదేండ్లల్ల ఆయనను ఒక్క మాట అన్నదాన్ని గాదు. ఆయన గూడ బిత్తరపోయి ఎనుకకు జరిగిండు.

ఎతుకుడు మొదలు పెట్టినం. అయ్యో, ఎట్ల ఎతకాలె? నా అతుకు కండ్లకు దొరుకుతదా? దొరకకుండ కుట్టుడే గదా నా గొప్పతనం! ఒక్కొక్క సంచి తిరగేసి, లోపల సెయ్యి పెట్టి, కుట్టు వేళ్లతోని తడిమి, అతుకు దొరికినంక ముక్కు ఆనించి వాసన సూడాలె. పదకొండు మందిమీ గదే పని. చెంచురామయ్య గారు తెల్ల పంచెతోనే నేల మీద కూసొని, మాతోపాటు వాసన సూడవట్టిండు. ఒకటి దొరికింది. రెండు. నాలుగు. పదిన్నర బస్సు హారన్ ఇనవడ్డది, పోయింది. ఆరు దొరికినయ్, పాతిపెట్టనీకె వేరే పెట్టినం. ఏడోది లేదు. కుప్ప మొత్తం మళ్లొక్కసారి సూసినం, మూడోసారి గూడ సూసినం. లేదు.

ముత్తక్క నా మొఖం దిక్కు సూసింది. "హన్మీ, నీ మామూలు సంచి?" అన్నది.

మామూలు సంచిల బియ్యం. బియ్యం నవీపేట్‌ల. ఇయ్యాల ఇరవై ఒకటి.

ఎట్ల ఉరికిన్నో నాకే తెల్వది. చెప్పులు దుకాణంల్నే ఉన్నయ్. తర్వాత బస్సు గడియ సేపటికి వచ్చింది. గా గడియ గడిచేసరికి నాకు సగం పానం పోయింది. బస్సుల కూసుంటే నా మనసుల ఒక్కటే బొమ్మ. బంతిల ఆకులు పరిచిండ్రు, నా బిడ్డ గిన్నె పట్టుకొని వడ్డిస్తున్నది. బాలెంత గదా, ముందుగాల దాన్నే తినమంటరు. అది తింటే, దాని పాలు తాగెటోడు? ఇగ అటు దిక్కు నా మనసు పోనియ్యలే. సీటు ముందటి కడ్డీ పట్టుకొని "తొందరగ నడుపు కొడుకా" అని డ్రైవర్‌కు మొక్కిన. పక్కన కూసున్నామె "ఎవలన్న పోయిండ్రా అవ్వా?" అని అడిగింది. ఏమని సెప్త? "ఇంకా ఎరుక లేదు" అన్న.

నవీపేట్‌ల దిగి ఉరికిన. బిడ్డ ఇంటి ముందట మూడు రాళ్ల పొయ్యి. పొయ్యి మీద పెద్ద గంజుల అన్నం ఉడుకుతున్నది. వియ్యపురాలు గరిటె పట్టుకొని మెతుకు పిసికి సూస్తున్నది. వాకిట్ల ఆకులు పరిసి ఉన్నయ్, పిలగాండ్లు అప్పుడే వచ్చి కూసుండ్రు.

"ఆ బియ్యం ఏ బియ్యం?" అని అడిగిన.

"నువ్వు పంపినయే గదా వదినే. కడుగుతుంటే జరంత వాసనొచ్చింది, నాలుగు నీళ్లు పోసి కడిగిన" అన్నది.

కాలుతోని ఒక్క తన్ను తన్నిన. గంజు దొర్లింది. అన్నమంత మన్నుల పడ్డది. నా కాలు బొబ్బలెక్కింది, ఇగో సూడుండ్రి, ఇంకా మచ్చ ఉన్నది. వాకిలంత ఒక్కసారే లొల్లి. "అన్నాన్ని తన్నుతవా? లచ్చిమిని తన్నుతవా? నీ వంశం నాశనమైపోను!" అని వియ్యపురాలు నెత్తి కొట్టుకున్నది. లింబయ్య నా రెక్క పట్టుకొని గుంజిండు. నేను ఇడిపించుకొని లోపలికి ఉరికిన. మనుమడు తొట్టెలల కదలకుండ పండుకొని ఉన్నడు. కాలు పట్టి గిచ్చిన. కెవ్వుమని ఏడిసిండు. గా ఏడుపు నా సెవులకు ఎంత సల్లగున్నదో ఎట్ల సెప్పాలె? తొట్టెల కింద కూలబడి నేను గూడ వాని ఎంట ఏడిసిన.

రేణుకను పట్టుకొని, "తిన్నవా? ఒక్క మెతుకన్న తిన్నవా?" అంటే, "లేదవ్వా, ఏందే? ఏమైందే నీకు?" అన్నది. సెప్పిన. మిగిలిన బియ్యం, దొర్లిన అన్నం అంత ఊరవతల గుంత తవ్వి పాతిపెట్టించిన. నమ్మినోళ్లు నమ్మిండ్రు, నమ్మనోళ్లు ముసల్దానికి పిచ్చి లేసిందన్నరు. అననియ్. నా పోరి బతికున్నది.

"మరి సంచి యాడున్నదే?" అని అడిగిన.

రేణుక మొఖం సిన్నబుచ్చుకున్నది. "పొద్దుగాల పాత సామాన్లు కొనేటోడు వచ్చిండే. సంచి ఇస్తే గీ సత్తు గిన్నె ఇచ్చిండు. పిలగానికి పాలు కాచనీకె పనికొస్తదని..." అని గిన్నె సూపెట్టింది.

సడకు మీదికి ఉరికిన. అటు సూసిన, ఇటు సూసిన. సైకిల్ మీద మూటలేసుకొని పోయిండన్నరు. ఎటు పోయిండంటే, ఒకడు బాసర దిక్కన్నడు, ఒకడు నిజామాబాద్ దిక్కన్నడు. వాని పేరు ఎవలకు తెల్వది. రోజుకు పది మంది గసొంటోళ్లు తిరిగే రోజులొచ్చినయ్ గదా, ఎవన్ని గుర్తు పెట్టుకుంటరు? నా సెయ్యి కుట్టిన సంచి, అతుకు కనపడని సంచి, పోయింది.

గా దినం నుంచే నేను అతుకుల్ని ఎర్ర దారంతోనే కుడుతున్న. దూరంకెళ్లి సూసినా కనవడాలె. గిరాకులు మొఖం మాడ్చుకుంటరు, సేటు నెల దాకా నాతోని మాట్లాడలే. మాట్లాడకపాయె, నాకేం తక్కువ?

నాలుగు నెలలకు, మిరుగు కార్తె ఎల్లినంక, ఒక కట్ట బెల్లం సంచులు మా దుకాణానికి తిరిగొచ్చినయ్. ఎక్కడెక్కడివో, ఎవలెవలియో. మూడు సేతులు మారి వచ్చినయన్నడు సేటు. కట్ట ఇప్పంగనే చీమలు దండుగ ఎల్లినయ్. పొల్లలు సీరలు దులుపుకుంట ఎగిరిండ్రు. నేను ఒక్కొక్కటి ముక్కు కాడ పెట్టుకుంట తీసిన. అడుగుల ఒకటి. కుళ్లిన ఎల్లిపాయ. తిరగేసిన. కుట్టు తడిమిన. నా కుట్టే.

గా బెల్లం ఎవలింట్ల కొన్నరో, ఎవల పిలగాండ్లు గోక్కొని తిన్నరో నాకు ఎవలు సెప్తరు? సంచి పొడుగుత నల్లగ చీమలు పాకుతున్నయ్. నా అతుకు మీద అరచెయ్యంత బెల్లం అంటుకొని ఉన్నది. దాని మీద ఒక్క చీమ గూడ లేదు.