మూడో మెట్టు

వన్ టౌన్‌లో వీరభద్రయ్యగారి చీరల కొట్టుకు అయిదు మెట్లు. బేరం కుదరక లేచిన మనిషి మూడో మెట్టు మీద కాలు పెట్టేదాకా ఆయన నోరు విప్పడు. అప్పుడు మాత్రం మెత్తగా, "ఏవండీ, ఒక్కమాట" అంటాడు. ఆ మనిషి వెనక్కి వస్తాడు, బేరం కుదురుతుంది. నలభై ఏళ్ళుగా ఇదే వరస. కొనేవాడు లేచాడంటే బేరం సగానికి వచ్చిందని ఆయన నమ్మకం.

జ్యోతిర్మయి ఆ కొట్టులో తొమ్మిదేళ్ళుగా పనిచేస్తోంది. వీడియోకాల్‌లో చీరలు చూపించి పైదేశాలకు పంపే పని ఆమె మొదలుపెట్టిందే. అందుకోసం భవానీపురంలో ఇంగ్లీషు క్లాసుకు కూడా వెళ్ళింది. తీరా చూస్తే క్లాసులో చెప్పే ఇంగ్లీషు ఒకటి, ఫోన్లో వినిపించేది ఇంకొకటి. వెళ్తున్నామని చెప్పడానికే వాళ్ళకు ఎన్ని రకాలో. హెడ్ ఔట్ అంటారు, టేకాఫ్ అంటారు, స్ప్లిట్ అంటారు, హిట్ ద రోడ్ అంటారు. విన్నదల్లా నోటుబుక్కులో ఎక్కించి పక్కన అర్థం రాసుకుంది. ఎన్ని రాసినా అర్థం ఒకటే, వెళ్ళిపోతున్నారని. మళ్ళీ వస్తామన్న ముక్క ఒక్కదాంట్లోనూ లేదు.

లండన్లో బట్టల షాపు నడిపే శాలినిని నాలుగు నెలలు తిప్పలుపడి బేరానికి తెచ్చింది జ్యోతిర్మయే. శాలిని మూడొందల చీరలు అడిగింది. ఆ ఆర్డరు ఖాయమైతే పెడనలో పన్నెండు మగ్గాలు ఆడతాయి. అందులో ఒకటి జ్యోతిర్మయి తల్లిది. రెండు నెలలుగా దాని మీద దుమ్ము తప్ప నూలు లేదు.

ఆ రోజు వీడియోకాల్‌లో ధర కుదిరింది, రంగులు కుదిరాయి. గడువు దగ్గర చిక్కుపడింది. శాలిని ఆరు వారాలంది. వీరభద్రయ్య పది అన్నాడు. ఆరు వారాల్లో నేసి ఇవ్వగలరని ఆయనకూ తెలుసు, జ్యోతిర్మయికీ తెలుసు.

శాలిని గడియారం చూసుకుని, హెడ్ ఔట్ అవ్వాలంది.

"వెళ్ళిపోతానంటోందండి. ఆరు వారాలకి ఒప్పుకోండి," అంది జ్యోతిర్మయి గొంతు తగ్గించి.

"ఇంకా లేవలేదుగా. నువ్వు కంగారుపడకు."

ఈసారి శాలిని, బౌన్స్ అవ్వాలంది.

"బౌన్సంటే కూడా వెళ్ళిపోవడమేనండి. నిజంగానే వెళ్ళిపోతుంది, ఆటకి కాదు."

"లేచింది కదా. మెట్లు దిగనీ," అన్నాడాయన, పరుపు మీద ఇంకాస్త వెనక్కి వాలి. "లండన్లో పుడితే మాత్రం? మన పిల్లే. బేరం తెలీదా ఏంటి?"

"ఫోన్లో మెట్లెక్కడున్నాయండి?"

ఆయన చెయ్యెత్తి ఆగమన్నాడు. శాలిని, ఓకే, అయామ్ ఔట్ అని నవ్వింది. స్క్రీన్ నల్లబడింది.

"ఇప్పుడు పిలువు," అన్నాడాయన తృప్తిగా. "ఆరు వారాలకిస్తామని చెప్పు."

జ్యోతిర్మయి పిలిచింది. ఆ పూటంతా పిలిచింది. మర్నాడు పదకొండింటికి మెసేజ్ వచ్చింది, ఆర్డరు వేరేచోట ఇచ్చేశానని. చదివి వినిపిస్తే వీరభద్రయ్య తల అడ్డంగా ఊపాడు.

"తొందరపాటు మనిషి. ఒక్క నిమిషం ఆగుంటే నేనే ఇచ్చేవాణ్ణి."

జ్యోతిర్మయికి ఒళ్ళు మండిపోయింది. అమ్మకు ఏమని చెప్పాలి? ఇవ్వడానికి చేతిలోనే పెట్టుకుని, మనిషి లేచి వెళ్ళేదాకా ఇవ్వలేదని చెప్పాలా? ఫోన్ బేరాలు తనకొదిలెయ్యమని ఏడాదిగా ఎన్నిసార్లు అడిగింది. అడిగినప్పుడల్లా ఆయన చూద్దాంలే అన్నాడు.

"నేను మానేస్తానండి," అంది.

ఆయన నవ్వి, చీర మడత పెట్టుకుంటూ కూర్చున్నాడు.

నోటుబుక్కు సంచిలో వేసుకుని చెప్పులు తొడుక్కుంది. మొదటి మెట్టు, రెండో మెట్టు దిగింది. వెనక చప్పుడు లేదు. మూడో మెట్టు మీద ఆమె కాళ్ళు వాటంతటవే ఆగాయి. ఆగినందుకు తన మీద తనకే కోపం వచ్చింది.

"జ్యోతీ, ఒక్కమాట." అదే మెత్తని గొంతు. "ఫోన్ బేరాలు ఇహ నీవే. నేను నోరెత్తను. సరేనా?"

సరిగ్గా ఆమె ఏడాదిగా అడిగిందే. ఆయన దగ్గర అది ఎప్పుడూ ఉంది. ఆమె మెట్లు దిగడం కోసం కూర్చున్నాడంతే.

తొమ్మిదేళ్ళలో ఒక్క సాయంత్రమైనా ఆమె వెళ్ళొస్తానండి అనకుండా ఆ మెట్లు దిగలేదు. వాకిట్లో నిలబడి వెళ్ళొస్తానని తప్ప ఇంకోమాట ఎవరూ అనరు. జ్యోతిర్మయి వెనక్కి తిరిగింది.

"వెళ్ళిపోతున్నానండి," అంది.

ఆ మాటకు ఆయనకు అర్థం చెప్పాల్సిన పనిలేకపోయింది. చీర వదిలేసి, తడబడుతూ లేచి గుమ్మం దాకా వచ్చాడు. అప్పటికి ఆమె మిగిలిన రెండు మెట్లూ దిగి, పెడన బస్సు కోసం ఆటో ఎక్కుతోంది.